ఆ పూట వెలగని హీటర్

సీఐ మహేందర్ లెక్కలో ఆ కేసు శుక్రవారం సాయంత్రమే ముగిసిపోయింది. ఆదివారం పొద్దున కూడా సాగుతోందంటే అందుకు కారణం డిటెక్టివ్ యశస్విని. ఒకప్పుడు ఇద్దరూ ఒకే బ్యాచ్ ఎస్సైలు. ఆమె ఉద్యోగం వదిలేసి సొంతంగా ఆఫీసు పెట్టుకుంది, అతను సీఐ అయ్యాడు. ఇద్దరిలో ఎవరు తెలివైనవాళ్ళో ఇంకా తేలలేదని అతను అనుకుంటాడు. ఎప్పుడో తేలిపోయిందని ఆమె అనుకుంటుంది.

"ఒక్క గంట మేడం. మీ మీద గౌరవంతోని ఇస్తున్న. ఆ తర్వాత లింగంపల్లిల రైల్ రోకో బందోబస్తు. మధ్యాహ్నం తిరుపతిని మెజిస్ట్రేట్ ముందట పెట్టి జైలుకు పంపిస్త" అన్నాడు మహేందర్, లిఫ్టులోంచి దిగుతూనే.

సకల జనుల సమ్మె మొదలై రెండు వారాలు కావస్తోంది. అతను యూనిఫాం విప్పి నిద్రపోయి ఎన్నాళ్ళయిందో అతని కళ్ళే చెబుతున్నాయి. అలసిపోయిన పోలీసుకు సులువైన దోషి దొరికితే వదలబుద్ధి కాదు. యశస్వినికి ఆ సంగతి తెలుసు, అందుకే కోపం ఇంకా ఎక్కువ వచ్చింది.

నల్లగండ్లలోని ఆ ఫ్లాటు విశ్వేశ్వరరావుది. భీమవరం మనిషి, సాఫ్ట్‌వేర్ కంపెనీలో మేనేజరు, రాత్రి షిఫ్టులు. శుక్రవారం పొద్దున బాత్రూమ్‌లో స్పృహ తప్పి కనిపించాడు. రక్తంలో కార్బన్ మోనాక్సైడ్ అనే విషవాయువు ఉందని డాక్టర్లు తేల్చారు. ఇప్పటికీ కళ్ళు తెరవలేదు. బాత్రూమ్ గోడ మీద గ్యాస్‌తో నీళ్ళు కాచే హీటరుంది. దాని పొగగొట్టం జాయింటు ఊడి ఉంది.

ముందురోజే ఆ హీటర్‌కు సర్వీసింగ్ చేసి వెళ్ళినవాడు తిరుపతి. జనగామ నుంచి వచ్చి గోపన్‌పల్లిలో కిరాయికుంటున్న ఫిట్టర్. ఆరోజు మెడలో జై తెలంగాణ కండువా వేసుకుని పనికి వచ్చాడు. అది తీసి లోపలికి రమ్మన్నాడు రావు. నేనొస్తే కండువా కూడా వస్తదన్నాడు తిరుపతి. కింద వాచ్‌మన్‌కు వినబడేంత గొడవయింది. మహేందర్‌కు అంతకంటే ఏం కావాలి? హత్యాయత్నం కింద కేసు పెట్టాడు. ఆంధ్రా మేనేజర్ మీద ఉద్యమకారుడి కక్ష అంటూ టీవీలో రెండు రోజులుగా అదే గోల. తిరుపతి ఒక్కసారి జైలు మెట్లెక్కితే ఆ మచ్చ ఎవరూ తుడవలేరు. అతని భార్య భాగ్యమ్మ పొద్దుటినుంచి కింద మెట్ల మీద కూర్చుని ఉంది. యశస్విని ఆఫీసు తలుపు కొట్టింది ఆవిడే.

"కోపిష్టి మనిషే అమ్మా, కాదన. గని పని చెడగొట్టి పగ తీర్చుకునేటోడు కాదు" అని చెప్పింది. ఆ ఒక్క మాట పట్టుకునే యశస్విని శనివారమంతా తిరిగింది.

ఫ్లాట్‌లోకి రావడానికి ముందు ఆమె గేటు బయట ఆగింది. రోడ్డు మీద మూడు రాళ్ళ పొయ్యిలు బూడిదతో అలాగే ఉన్నాయి. శుక్రవారం పొద్దున అక్కడ వంటా వార్పు జరిగింది. రోడ్డుకు అడ్డంగా పొయ్యిలు పెట్టి, వండి, వచ్చినవాళ్ళకల్లా పెట్టారు. ఆ అపార్ట్‌మెంట్‌లోనే ఊడ్చి తుడిచే రాజమ్మ కూడా ఆరోజు గరిటె పట్టింది. యశస్విని ఆమెతో కాసేపు మాట్లాడింది. జీపులోంచి చూసిన మహేందర్, మేడంకు ముచ్చట్లకు కూడా టైం దొరికిందని నవ్వుకున్నాడు.

హాల్లో సోఫా అంచున సుబ్బరాయుడు కూర్చుని ఉన్నాడు. రావు భార్య వెంకటలక్ష్మికి తమ్ముడు. బావ సిఫార్సుతో అదే కంపెనీలో చేరి, ఏడాదిగా ఈ ఇంట్లోనే ఉంటున్నాడు. ముఖం నిద్రలేక వాడిపోయింది గానీ, చెప్పే మాటలు మాత్రం ఇస్త్రీ చేసినట్టు మడత నలగకుండా వస్తున్నాయి.

బావ ఎనిమిదిన్నరకు షిఫ్టు నుంచి వచ్చారట. తలనొప్పిగా ఉంది, వేడినీళ్ళ స్నానం చేసి పడుకుంటానన్నారట. అక్క మదీనాగూడలో పిన్నిగారింటికని బయల్దేరిందట. తను ఇదే సోఫాలో ల్యాప్‌టాప్ పెట్టుకుని కూర్చున్నాడట. పది దాటినా బావ రాకపోతే పిలిచి, తలుపు తోస్తే తెరుచుకుందట. చూస్తే బావ నేలమీద పడి ఉన్నారట. అదే సమయానికి ఆటోలు దొరక్క సగం దారి నుంచి అక్క తిరిగొచ్చిందట. ఆవిడ కేకలకు చుట్టుపక్కలవాళ్ళు వచ్చి ఆస్పత్రికి తీసుకెళ్ళారు. ఆ చివరి ముక్క మాత్రం చుట్టుపక్కలవాళ్ళు కూడా మహేందర్‌కు అలాగే చెప్పారు.

యశస్విని బల్ల మీదున్న ఇన్‌హేలర్‌ను వేలితో అటూ ఇటూ దొర్లించింది. "ఇది మీ అక్కగారిదా?"

"అవునండి. ఆవిడకి ఉబ్బసం. ఇంట్లో అగరొత్తి కూడా వెలిగించం. బావ ఆ హీటర్ కూడా అందుకే ఏరికోరి తెప్పించారు, పొగ ఇంట్లోకి రాదని. చివరికి అదే ఆయన ప్రాణం మీదికి తెచ్చింది."

"మీరు తలుపు తోసినప్పుడు హీటర్ మండుతోందా?"

"మండుతోందండి. ముందు చిన్న అద్దం ఉంటుంది కదా, అందులోంచి మంట కనబడింది. కుళాయి నేనే కట్టేశాను."

"బాగా గుర్తుందా? కంగారులో పొరబడ్డారేమో."

"లేదండి. లైటు వెలుగుతోంది, హీటర్ మండుతోంది. అక్క మీద ఒట్టేసి చెబుతున్నాను."

ఆ మాట రాసుకొమ్మని యశస్విని మహేందర్‌కు సైగ చేసింది. అతను విసుక్కుంటూనే రాసుకున్నాడు. కథ ఇంకా గట్టిపడుతోందని అతని సంబరం.

బాత్రూమ్ తలుపుకు లోపల మాత్రమే గడియ ఉంది. ఆమె దాన్ని రెండుసార్లు వేసి తీసింది. హీటర్ నుంచి గోడలోకి పోయే లావుపాటి గొట్టం జాయింటు దగ్గర ఊడి పక్కకు వాలి ఉంది. దాన్ని పట్టి ఉంచే రెండు మరలూ సబ్బు డబ్బా వెనక దొరికాయి. వెలుగు కోసం ఆమె స్విచ్ నొక్కి, గొట్టం లోపలికి తొంగి చూసింది.

"చూసుడు అయ్యిందా?" అన్నాడు మహేందర్ గడప దగ్గర నుంచి. "ఫిట్టర్ మరలు తీసిండు. పొగ లోపలికొచ్చింది. మనిషి పడిపోయిండు. దీంట్ల పెద్ద డిటెక్టివ్ పని ఏమున్నది?"

"ఈ హీటర్ ఎట్ల పనిచేస్తదో ఎరుకనా సాబ్ మీకు?"

"నీళ్ళు వేడి చేస్తది."

"మామూలు గ్యాస్ గీజర్ బాత్రూమ్‌ల ఉన్న గాలినే పీల్చి, బాత్రూమ్‌లనే పొగ వదుల్తది. మనుషులు పోయేది దానితోని. ఇది డైరెక్ట్ వెంట్. మంట మండే పెట్టెకు ఇంట్ల గాలితోని సంబంధమే లేదు, మొత్తం సీలు. ఇగో, ఇది చూడుండ్రి." ఆమె గొట్టాన్ని అతనివైపు తిప్పింది. ఒక గొట్టంలో ఇంకో గొట్టం ఉంది. "బయటి గొట్టంలకెల్లి గోడవతల గాలి వస్తది. లోపలి గొట్టంలకెల్లి పొగ గోడవతలికే పోతది. ఇంట్ల మనిషికి ఆ పొగ తగిలే దారే లేదు."

"అందుకే గద ఊడదీసిండు. ఊడదీస్తే పొగ ఏడికి పోతది? ఇంట్లకే వస్తది. గా కిటుకు ఫిట్టర్‌కు కాకుంటే ఎవరికి తెలుస్తది?"

మాట పదునుగానే ఉంది. కాదనడానికి లేదు. యశస్విని కాదనలేదు కూడా.

"నిజమే. గొట్టం ఊడి, హీటర్ మండితే పొగ ఇంట్లకే వస్తది."

"మరింకేంది?"

"హీటర్ మండలే."

మహేందర్ గట్టిగా నవ్వాడు. బావమరిది ఒట్టేసి చెప్పినది ఇప్పుడే రాసుకున్నాను కదా అన్నాడు. మీ తెలివి అంతా భాగ్యమ్మ కన్నీళ్ళలో కొట్టుకుపోయిందన్నాడు. వంటా వార్పు కాడ ఏం తిన్నారో అని కూడా అన్నాడు. యశస్విని అన్నీ విని, క్లూస్ టీం ఫొటోలు తీసుకుపోయింది కదా అని అడిగి, గొట్టాన్ని జాయింటులోకి నెట్టి మరలు రెండూ బిగించింది. కిటికీ తెరిచింది.

"హాలు తలుపు వెనక మెయిన్ స్విచ్ ఉన్నది. జర బంద్ చెయ్యుండ్రి సాబ్."

అతను వెళ్ళి కట్టేశాడు. ఏమీ కాలేదు. బాత్రూమ్ లైటు వెలుగుతూనే ఉంది. హాల్లో ఫ్యాన్ తిరుగుతూనే ఉంది. చెప్పుల స్టాండ్ పక్కన ఒక పెట్టె మాత్రం సన్నగా మూలుగుతోంది. అది ఇన్వర్టర్.

యశస్విని వేడినీళ్ళ కుళాయి తిప్పింది. నీళ్ళు ధారగా పడ్డాయి. హీటర్ ఉలకలేదు పలకలేదు. అద్దం వెనక చీకటి. మహేందర్ చేయి పెట్టి చూశాడు. చల్లటి నీళ్ళు. కాసేపటికి కూడా అంతే చల్లగా ఉన్నాయి.

"ఇప్పుడు ఆన్ చెయ్యుండ్రి."

స్విచ్ వేశాడు. హీటర్ కుయ్యిమంది. లోపల ఫ్యాన్ గిర్రున తిరగడం మొదలైంది. ఒక్క క్షణం ఆగి టిక్కుమంది, అద్దం వెనక నీలం మంట వరసగా లేచింది. నీళ్ళు వేడెక్కాయి. మహేందర్ చేయి వెనక్కి తీసుకున్నాడు.

"ముందుగాల ఫ్యాన్ తిరగాలె. పొగ బయటికి పోతున్నదని ఖాయమైనంకనే అది గ్యాస్ వదుల్తది. కరెంటు లేకుంటే ఫ్యాన్ లేదు, ఫ్యాన్ లేకుంటే మంట లేదు. కరెంటు అక్కరలేని రకం కూడా ఉంటది గని, రావుగారు తెప్పించింది ఇది. ఇప్పుడు చెప్పుండ్రి సాబ్. శుక్రవారం పొద్దుగాల మీరు ఏడున్నరు?"

శుక్రవారం ఏడింటి నుంచి మధ్యాహ్నం దాకా అతను నల్లగండ్ల సబ్‌స్టేషన్ గేటు ముందు నిలబడ్డాడు. గనుల్లో సమ్మె, బొగ్గు లేదు, కరెంటు లేదు. కోపంతో జనం గేటుకు తాళం వేస్తే, ఆ తాళం తీయమని బతిమాలింది అతనే. ఈ అపార్ట్‌మెంట్‌కు కరెంటు వచ్చేది ఆ సబ్‌స్టేషన్ నుంచే. ఈ లోకంలో ఆ పూట కరెంటు లేదని సాక్ష్యం చెప్పగల మనిషి అతనికంటే గట్టివాడు ఇంకొకడు లేడు.

"మధ్యాహ్నం దాకా కరెంటు రాలే" అన్నాడు నెమ్మదిగా.

"రాలే. గని ఈ ఇంట్ల కూసున్నోనికి ఆ ముచ్చట తెలవది. లైటు, ఫ్యాన్ ఇన్వర్టర్ మీద నడుస్తయి. ల్యాప్‌టాప్‌కు బ్యాటరీ ఉన్నది. లిఫ్ట్ జనరేటర్ మీద పోతది. గీజర్ లైను మాత్రం ఎవ్వలూ ఇన్వర్టర్‌కు కలపరు. లైటు వెలుగుతున్నది గద అని హీటర్ కూడా మండుతదనుకున్నడు."

"ఎవరు?"

ఆమె హాల్లోకి నడిచింది. సుబ్బరాయుడు లేచి నిలబడి ఉన్నాడు. అన్నీ విన్నాడు. కంగారులో పొరబడి ఉంటానండి అన్నాడు, మంట కాదేమో, లైటు వెలుగు అద్దంలో పడిందేమో అన్నాడు. ఇస్త్రీ మడత మొదటిసారి నలిగింది. అక్క మీద వేసిన ఒట్టు ఏమైందని యశస్విని అడిగింది.

"బాత్రూమ్‌ల విషగాలి పుట్టలే సాబ్. రావుగారు స్నానానికే పోలే. నైట్ డ్యూటీ చేసి వచ్చినోడు ఏం చేస్తడు? కిటికీలు మూసి, పరదాలు గుంజి పంటడు. రాండ్రి."

పడకగది తలుపుకు బయట గడియ ఉంది. మంచం పక్కన పరిచిన చిన్న తివాచీని ఆమె కాలితో తొలగించింది. చెక్క పలకల నేల మీద గుండ్రంగా, పళ్ళెమంత మేర, నల్లగా కమిలి ఉంది. అంచున గోరుతో గీకితే బూడిద రేణువులు వచ్చాయి. మహేందర్ మోకాళ్ళ మీద కూర్చుని వాసన చూశాడు. ఇంతసేపూ గడియారం చూసుకుంటున్న మనిషి, లింగంపల్లి సంగతే మరిచిపోయాడు.

యశస్విని కిటికీలోంచి చేయి ఊపింది. కాసేపటికి రాజమ్మ చీర చెంగుకు చేతులు తుడుచుకుంటూ పైకొచ్చింది. సుబ్బరాయుణ్ణి చూసి, ఈ అయ్యనే అంది, ఎవరూ అడగకుండానే.

"రోజూ మమ్మల్ని చూస్తే మొకం తిప్పుకొని పోతుండె సారూ. శుక్రవారం ఇనుప తట్ట పట్టుకొని పొయ్యిల కాడికొచ్చి, జై తెలంగాణ అక్కా అన్నడు. ఇంట్ల సాంబ్రాణి ఏస్కుంట, నిప్పులు కావాలె అన్నడు. మాకు మస్తు సంబురమయింది. తట్ట నిండ నిప్పులేసి ఇచ్చినం. తినిపో బిడ్డా అన్న గూడ. మళ్ళొస్త అని పోయిండు."

"అగరొత్తి కూడా ముట్టించని ఇంట్ల సాంబ్రాణి" అంది యశస్విని.

మిగతాది ఆమె రెండు ముక్కల్లో చెప్పేసింది. సుబ్బరాయుడు ఉద్యోగంలో చేరింది తను ఎప్పుడూ పని చేయని కంపెనీలో ఆరేళ్ళు పని చేశానన్న అబద్ధంతో. ఆ అబద్ధం పోయిన వారమే రావు కంటపడింది. పరువు పోకుండా నువ్వే రాజీనామా చెయ్యి, లేదంటే సోమవారం నేనే పైవాళ్ళకు చెబుతానని రావు గడువు పెట్టాడని, ఆఫీసులో సుబ్బరాయుడి పక్క సీట్లో కూర్చునే స్నేహితుడు శనివారం యశస్వినికి చెప్పాడు. సోమవారం అంటే రేపు. నిద్రపోతున్న బావ మంచం పక్కన నిప్పుల తట్ట పెట్టి తలుపు మూశాడు, మూసిన గదిలో నిప్పులు కూడా అదే విషగాలి వదులుతాయి. తర్వాత బావ చనిపోయాడనుకుని బాత్రూమ్‌లోకి ఈడ్చుకొచ్చి, మరలు తీసి, తిరుపతి కండువా గొడవను వాడుకుని కథ అల్లాడు. బంద్ వల్ల అక్క వెనక్కి తిరిగి రాకపోయి ఉంటే రావు దక్కేవాడు కాదు.

సుబ్బరాయుడి గొంతు అప్పుడు మారిపోయింది. "వీళ్ళంతా ఒకటేనండి సీఐగారూ. పొయ్యిల దగ్గర వాళ్ళూ, ఆ ఫిట్టరూ, ఈవిడా. మేం ఆంధ్రావాళ్ళం కాబట్టి మా మీదికి తోస్తున్నారు. రేపు టీవీవాళ్ళ ముందు ఇదే చెబుతాను. నేల మీద మచ్చ, ఊడ్చే ఆవిడ మాట, ఇవేనా మీ సాక్ష్యాలు?"

మహేందర్ తడబడ్డాడు. రేపటి టీవీ గోల అతని కళ్ళ ముందు కనబడింది. యశస్వినికి మాత్రం ఒళ్ళు మండిపోయింది.

"ఆమె నిప్పులు ఇచ్చినప్పుడు నీది ఏ ఊరని అడగలేదు. అన్నం కూడా పెడతానంది. అలాంటి మనిషిని పట్టుకుని నువ్వు ఇవాళ ఈ మాట అంటున్నావు" అంది.

అంతలో సుబ్బరాయుడి ఫోన్ మోగింది. స్క్రీన్ మీద అక్క అని ఉంది. అతను కట్టేయబోయాడు. మహేందర్ లాక్కుని స్పీకర్ నొక్కాడు.

"ఒరేయ్ రాయుడూ, బావగారు కళ్ళు తెరిచార్రా!" వెంకటలక్ష్మి ఏడుస్తోంది, నవ్వుతోంది. "నన్ను గుర్తుపట్టారు. డాక్టరు గండం గడిచిందన్నారు. తొందరగా రారా. కానీ ఒకటే మాట పదేపదే అడుగుతున్నారు, నాకేం అర్థం కావట్లేదు. ఊపిరాడక లేచాను, పడకగది తలుపుకి బయట గడియ ఎవరు పెట్టారు అంటున్నారు. ఆయన స్నానానికి వెళ్ళారని కదరా నువ్వు చెప్పావు? రాయుడూ? వింటున్నావా?"

సుబ్బరాయుడు సోఫాలో కూలబడి రెండు చేతుల్లో ముఖం దాచుకున్నాడు. మహేందర్ వెళ్ళి అతని పక్కన నిలబడి భుజం మీద చేయి వేశాడు. ఆ చేయి ఇక తీయలేదు.

యశస్విని ఫోన్ అందుకుంది. "అమ్మా, నేను యశస్వినిని. ఆయన పక్కనే ఉండండి. మీ తమ్ముడు ఇవాళ రాడు. నేనే వచ్చి అన్నీ చెబుతాను."

తరువాత మహేందర్ స్టేషన్‌కు ఫోన్ చేశాడు. తిరుపతిని వదిలెయ్యమన్నాడు. చాయ్ తాపించి, జీపులో ఇక్కడికి పంపమన్నాడు. ఆ కండువా ఎక్కడ పెట్టారో వెతికి ఇవ్వమని కూడా చెప్పాడు. కానిస్టేబుల్ ఫోన్ తిరుపతికే ఇచ్చినట్టున్నాడు. అటునుంచి బొంగురు గొంతు వినబడింది.

"సార్, రావు సారు ఎట్లున్నడు?"

"బతికిండు."

"హీటర్‌ది తప్పా సార్?"

మహేందర్ యశస్విని వైపు చూశాడు. ఆమె తల అడ్డంగా ఊపింది.

"హీటర్ ఆ పూట మండనే లేదు తిరుపతీ" అన్నాడు మహేందర్. "నీ తప్పేం లేదు. ఉన్న తప్పంతా నాది."

యశస్విని అప్పటికే మెట్లు దిగుతోంది. లిఫ్టు కోసం ఆగే ఓపిక ఆమెకు లేదు. నాలుగంతస్తుల కింద భాగ్యమ్మ ఇంకా అదే మెట్టు మీద కూర్చుని ఉంది.